చుట్టాలొస్తే పండును కాల్చి పెడదామా: జాంపండా, పైనాపిలా, ఖర్జూరమా?

ముందే తేల్చి చెప్పేస్తాను. చలికాలంలో అయితే జాంపండు, మిగతా నెలల్లో పైనాపిల్, చేతిలో టైమ్ లేని రోజు ఖర్జూరం. ఇంత తెలిస్తే చాలనుకునేవాళ్ళు ఇక్కడే ఆగి మార్కెట్‌కు పోవచ్చు. ఇవే ఎందుకు, మన బత్తాయి, మన సీతాఫలం ఏం పాపం చేశాయి అని అడిగేవాళ్ళ కోసం మిగతాదంతా.

మా ఇంట్లో దావత్ అంటే బగారన్నం, మటన్. అందులో మార్పు లేదు, చేస్తే ఊరుకోరు కూడా. తకరారంతా దాని ముందు. వచ్చినవాళ్ళు కాళ్ళు కడుక్కుని, నీళ్ళు తాగి కూర్చున్నాక, విస్తరి వేసేలోపు ఆ ముప్పావు గంట ఏం పెట్టాలి? మిర్చి బజ్జీ పెడితే కడుపు నిండిపోయి వండిన అన్నం మిగులుతుంది. సకినాలు, మురుకులు అందరి ఇళ్ళల్లో డబ్బాల నిండా ఉండేవే. మిక్చరూ బిస్కెట్లూ పెడితే షాపు నుంచి తెచ్చి పోశారని అనుకుంటారేమోనని నాకు అనుమానం. అందుకే రెండు మూడేళ్ళుగా పండును సగానికి కోసి, అందులో పనీరో చీజో పెట్టి, పైన కాస్త బెల్లం, కాస్త కారం వేసి ఓవెన్‌లో కాల్చి ఇస్తున్నాను. తీపి, ఉప్పు, కారం ఒక్క ముద్దలో వస్తాయి. మనిషికి రెండు ముక్కలు, అంతే. ఆకలి చావదు, నోరు ఊరుతుంది.

ఇది మనం కనిపెట్టింది కాదు. ఫ్రాన్స్, ఇటలీ వైపు పచ్చి అంజీర పండ్లను చీల్చి మేకపాల చీజ్ కూరి కాలుస్తారు, బేరిపండు మీద బ్లూ చీజ్, అక్రోట్లు, తేనె వేసి వైన్ పక్కన పెడతారు. పండు తీపికి చీజ్ ఉప్పు తగలాలన్నదే అక్కడి లెక్క. పండుకు ఉప్పూ కారం మనకేమైనా కొత్తా? బడి గేటు ముందు జాంకాయను నాలుగు చీలికలు కోయించుకుని, మధ్యలో ఎర్రటి ఉప్పుకారం పట్టించి తిన్న చేతులే ఇవి. ఇక్కడ కొత్తగా వచ్చి చేరింది పొయ్యి ఒక్కటే.

నేను మొదటిసారి చేసింది మాత్రం జాంపండుతో కాదు. పుట్టింది పాలమూరు, అంటే మహబూబ్‌నగర్ పక్కనైనా ఇప్పుడు మేముండేది నల్లగొండలో, బత్తాయి తోటల జిల్లాలో. ఊరి పండు పెడితే గొప్పగా ఉంటుందని నాలుగు బత్తాయిలు చక్రాల్లా కోసి, పైన చీజ్ తురిమి, మిరియాల పొడి చల్లి పావుగంట కాల్చాను. చూడ్డానికి పత్రికలో బొమ్మలా వచ్చాయి. మా అత్తమ్మ ఒక ముక్క నోట్లో పెట్టుకుని, మింగలేక, ఉమ్మలేక, "ఏందమ్మా, బత్తాయిని గూడ కాలవెట్టినవా? మందు తిన్నట్టున్నది" అంది. వదిన నవ్వు ఆపుకోవడానికి వంటింట్లోకి వెళ్ళింది. అన్నయ్య మర్యాదకు ఒకటి పూర్తిగా తిన్నాడు, పాపం, తర్వాత రెండు గ్లాసుల నీళ్ళు తాగాడు.

తప్పు చీజ్‌ది కాదు, నాది. బత్తాయి గింజల్లో, తొనల పైపొరలో ఉండే ఒక పదార్థం కోసినప్పుడు చేదుగా ఉండదు, పులుపుతో కలిసి కాసేపు ఉన్నాక లిమోనిన్ అనే చేదుగా మారుతుంది, వేడి తగిలితే ఆ పని ఇంకా తొందరగా జరుగుతుంది. బత్తాయి రసం పిండిన వెంటనే తాగాలనేది ఇందుకే. గంట ఉంచితే రుచి ఎలా తిరుగుతుందో మీకూ తెలుసు. అలాంటి పండును 180 డిగ్రీల్లో పెట్టాను నేను. మన సాత్గుడి బత్తాయికి గ్లాసే సరైన చోటు.

సీతాఫలానిదీ అదే కథ. సీతాఫలంలో పేరున్న రకానికి బాలానగర్ అనే పేరు మన మహబూబ్‌నగర్ జిల్లా బాలానగర్ నుంచే వచ్చింది, సీజన్‌లో జడ్చర్ల రోడ్డు మీద గంపలు చూస్తే బండి ఆపకుండా ఉండలేం. కానీ దాని గుజ్జు వేడెక్కితే చేదు తిరుగుతుంది. సీతాఫలం బాసుంది చేసేవాళ్ళు పాలు పూర్తిగా చల్లారాకే గుజ్జు కలిపేది అందుకే. ఇలా మన రెండు జిల్లాల పేరు మోసిన పండ్లు రెండూ ఓవెన్ దగ్గరే ఓడిపోయాయి. పచ్చిగా ఎంత రుచి అన్నది ఇక్కడ లెక్కే కాదు. వేడి తగిలినప్పుడు ఆ పండు ఎంత నీరు వదులుతుంది, ఆకారం నిలబెట్టుకుంటుందా, రుచి తిరుగుతుందా, వీటిని బట్టే పండును ఎంచుకోవాలి.

ఆ లెక్కలో జాంపండు అన్నిటికన్నా ముందు నిలుస్తుంది. అందులో పెక్టిన్ అనే జిగురు పదార్థం బాగా ఉంటుంది, జామ్ గడ్డకట్టేది దానివల్లే, కాల్చినా గోడ కూలకపోవడానికీ అదే కారణం. నీరు తక్కువ వదులుతుంది. గింజలు తీసేస్తే మధ్యలో దానంతట అదే గిన్నెలా గుంట పడుతుంది, కూరడానికి ఇంకేం చేయనక్కర్లేదు. పైగా వేడికి దాని వాసన రెట్టింపవుతుంది. వీధిలో ఎవరింట్లో చేస్తున్నారో ముక్కుతో పట్టేయొచ్చు.

ఏ జామ కొనాలన్నది మాత్రం చూసుకోవాలి. అలహాబాద్ సఫేదా, ఎల్-49 లాంటి తెల్ల గుజ్జు మామూలు సైజువి బాగా కుదురుతాయి. తైవాన్ పింక్ లోపల గులాబీ రంగుతో పళ్ళెంలో ముచ్చటగా కనిపిస్తుంది, తీపీ ఉంటుంది, కాకపోతే తొందరగా మెత్తబడుతుంది కాబట్టి కొన్న రోజే చేసేయాలి, లేదా ఒకరోజు పచ్చిగా ఉన్నప్పుడే తెచ్చుకోవాలి. తెల్లటి నురుగు వల తొడిగి అమ్మే పెద్ద పెద్ద జామలు నాకు నచ్చవు. కరకరలాడతాయి, గింజ తక్కువ, నిజమే, కానీ రుచీ వాసనా పలుచన, కాల్చాక సొరకాయ తిన్నట్టు ఉంటుంది. బండి దగ్గర ఏరేటప్పుడు ఆకుపచ్చ తగ్గి లేత పసుపు తిరిగిన కాయ పట్టుకుని తొడిమ పక్కన బొటనవేలితో మెల్లగా నొక్కండి. కొద్దిగా లొంగి మళ్ళీ నిలబడితే అదే మనకు కావలసింది. వేలు దిగబడితే ట్రేలో గుజ్జు కుప్ప అవుతుంది, అసలు కదలకపోతే వగరు పోదు, ఎంత కాల్చినా పోదు. వానాకాలం జామలో పండు ఈగ పురుగులు ఎక్కువ. ఆ నెలల్లో చుట్టాలకు జామ చేయాలంటే ప్రతి కాయా కోసి చూసుకోవాల్సిందే, ఆ టెన్షన్ ఎందుకని నేను చలి మొదలయ్యేదాకా ఆగుతాను.

పదిమందికి పది కాయలు, అంటే ఇరవై ముక్కలు. నిలువుగా, తొడిమ నుంచి అడుగు దాకా కోస్తే పడవలా వస్తుంది. అడుగున వీపు వైపు చాకుతో పలుచగా ఒక చెక్కు తీసేయండి, లేకపోతే ట్రేలో దొర్లుతుంది, లోపల పెట్టిందంతా పక్కకు ఒలుకుతుంది. ఈ చిన్న పని మర్చిపోయి నేను ఒకసారి ట్రే అంతా గీకాల్సి వచ్చింది. చిన్న చెంచాతో గింజల గుజ్జు తీసేయండి, గోడ చిటికెన వేలంత మందం ఉండాలి, పారేయకండి ఆ గుజ్జు, దాని సంగతి చివర్లో చెబుతాను. లోపల చిటికెడు ఉప్పు రాసి, బట్ట మీద బోర్లించి పది నిమిషాలు ఉంచితే ఉన్న కొంచెం నీరూ దిగిపోతుంది.

లోపలికి పావుకిలో పనీర్ చేత్తో చిదిమి, రెండు చీజ్ క్యూబులు తురిమి, సన్నగా తరిగిన పచ్చిమిర్చి రెండు, గుప్పెడు కొత్తిమీర, అర చెంచా మిరియాల పొడి. ఉప్పు వేసేముందు రుచి చూడండి, చీజ్‌లోనే ఉప్పుంటుంది. మీదికి మూడు చెంచాల బెల్లం తురుము, ఒక చెంచా నీళ్ళు, అర చెంచా కారం, నాలుగు చుక్కల నిమ్మరసం కలిపి వేడి చేసి పలుచని పాకంలా పెట్టుకోండి. కారం పొడిగా చల్లితే ఓవెన్‌లో మాడి చేదెక్కుతుంది, బెల్లంలో కలిస్తే మాడదు. ఓవెన్ పది నిమిషాలు వేడెక్కాక 180 డిగ్రీల్లో పన్నెండు నిమిషాలు కాలనివ్వండి. అప్పటికి జామ అంచులు కొద్దిగా ముడుచుకుని ఉంటాయి, పనీర్ మొనలు ఎర్రబడటం మొదలవుతుంది. అప్పుడు తీసి బెల్లం పాకం అన్నిటికీ కొద్దికొద్దిగా సర్ది పోసి, దంచిన పల్లీలు చల్లి, మళ్ళీ నాలుగైదు నిమిషాలు. పాకం చిన్న చిన్న బుడగలుగా ఉడికి అంచు మీద నుంచి ఒక చుక్క ట్రేలోకి జారి చురుక్కుమంటుంది చూడండి, అప్పుడు ఆపేయాలి. పాకం ముందే పోస్తే మాడి ట్రేకు అంటుకుంటుంది, ఆ ట్రే తోమడం మన వల్ల కాదు. పల్లీలు వేయించి పొట్టు తీసి, బరకగా దంచినవే బాగుంటాయి. జీడిపప్పు వేద్దామనుకుంటే వేయండి, కానీ గద్వాల, వనపర్తి దాకా పల్లి పండే నేల మనది, జామ మీద నాకు పల్లీయే ఎక్కువ రుచి.

జామకు ఒక్కటే లోపం. గింజ ఎంత తీసినా ఒకటో రెండో మిగులుతాయి, పంటి సెట్టు పెట్టుకున్న పెద్దవాళ్ళకు అవి ఇరుక్కుంటాయి. వాళ్ళ కోసం రెండు ఖర్జూరాలు పక్కన పెట్టుకోండి.

ఇక పైనాపిల్. ఇది ఏడాది పొడుగునా దొరుకుతుంది, పులుపు తీపి రెండూ దానిలోనే ఉన్నాయి, పైన కారం పడితే చాలు పని అయిపోతుంది. నిప్పుల మీద కాల్చిన పైనాపిల్ హోటళ్ళల్లో తిన్నవాళ్ళకు కొత్త కూడా అనిపించదు. కానీ ఇందులో ఒక కిటుకుంది, అది తెలియక చాలామంది పాడుచేసుకుంటారు. పచ్చి పైనాపిల్‌లో బ్రోమెలైన్ అనే ఎంజైమ్ ఉంటుంది, అది ప్రొటీన్‌ను కొరికేస్తుంది. పచ్చి ముక్క మీద పనీరో పెరుగో పెట్టి అరగంట ఉంచితే పాల ప్రొటీన్ విరిగి చేదు వస్తుంది. వేడి తగిలితే ఆ ఎంజైమ్ చచ్చిపోతుంది. కాబట్టి వరస మార్చాలి: ముందు వట్టి పైనాపిల్ ముక్కల్నే 200 డిగ్రీల్లో పావుగంట కాల్చి, అంచులు గోధుమ రంగు తిరిగాక, అప్పుడు పనీర్ మిశ్రమం పెట్టి ఇంకో ఐదారు నిమిషాలు. డబ్బాలో వచ్చే పైనాపిల్ ముందే వేడి చేసినదే కాబట్టి దానికి ఈ బాధ లేదు, అయితే చక్కెర పాకంలో నాని ఉంటుంది, అప్పుడు బెల్లం మానేయండి. బొప్పాయిలోనూ ఇలాంటి ఎంజైమే ఉంది, పైగా నీళ్ళూ ఎక్కువ, దాన్ని ఈ పనికి అసలు తలుచుకోకండి.

ముక్క మందం వేలు వెడల్పుకు తగ్గకూడదు, పలుచగా కోస్తే ఎండిపోయి తోలులా సాగుతుంది. మధ్యలో గట్టి బొడ్డు తీసేయాలి. కోశాక బట్టతో రెండువైపులా గట్టిగా అద్దాలి, ఎందుకంటే జామతో పోలిస్తే దీని నీరు నాలుగింతలున్నట్టే అనిపిస్తుంది, ఆ నీరు ట్రేలో నిలిస్తే పండు కాలదు, ఉడుకుతుంది. నీరున్నంతసేపు వేడి 100 డిగ్రీలు దాటదు, ఎర్రబడటం అంతకన్నా పైనే మొదలవుతుంది, అదీ అసలు సంగతి. చేసే శ్రమ చూస్తే పైనాపిల్‌కే ఎక్కువ: చెక్కు తీయడం, కళ్ళు తీయడం, చేతులు మండడం. కోసి ఇమ్మంటే బండివాళ్ళు కోసి ఇస్తారు, అక్కడే కోయించండి, పది రూపాయలకు చూసుకోకండి.

ఖర్జూరం సంగతి రెండు మాటల్లో తేలిపోతుంది. గింజ తీసి, చీలికలో ఉప్పు కలిపిన పనీర్, ఒక పచ్చిమిర్చి తునక పెట్టి ఆరేడు నిమిషాలు కాల్చడమే. రంజాన్ నెలలో మన దగ్గర రకరకాలు దొరుకుతాయి, మెత్తటి పెద్ద రకం తీసుకోండి, మామూలు రోజుల్లో కిరాణా షాపులో ప్యాకెట్లదీ నడుస్తుంది. ముందే కూరి ట్రేలో పెట్టిపెట్టుకోవచ్చు, చుట్టాలు గంట ఆలస్యంగా వచ్చినా ఏమీ కాదు. అయితే తీపి మరీ ఎక్కువ. ఒకటి తిన్నవాళ్ళు రెండోది తీసుకోవడానికి ఆలోచిస్తారు, షుగర్ ఉన్నవాళ్ళయితే మొదటిదానికే ఆలోచిస్తారు.

మిగతావాటి గురించి ఎవరైనా అడుగుతారు కాబట్టి చెబుతున్నాను. ఆపిల్ పర్వాలేదు, పిల్లలు తింటారు, కానీ నిలవ ఉంచిన ఆపిల్ కాల్చితే పిండి పిండిగా అయిపోతుంది, ఆగస్టు నుంచి అక్టోబర్ దాకా కొత్త పంట వచ్చినప్పుడయితేనే చేయండి. బేరిపండు నిజానికి మంచిదే, పడమటి దేశాల వాళ్ళు దాన్నే వాడతారు, మన బజారులో ఒకరోజు ఉంటే నాలుగు రోజులు ఉండదు. పచ్చి అంజీరకూ అదే ఇబ్బంది, హైదరాబాద్ నుంచి తెచ్చేలోపు సగం నలిగిపోతాయి. అరటిపండు మెత్తబడి గుజ్జవుతుంది. మామిడి సీజన్‌లో బయట ఎండ 43, 44 దాకా పోతున్నప్పుడు వంటింట్లో ఓవెన్ పెట్టడమే ఒక శిక్ష, పైగా కొల్లాపూర్ మామిడిని కోసుకుని తినక ఓవెన్ పాలు చేయడానికి నాకు చేతులు రావు.

లోపల ఏం పెట్టాలన్నదే సగం రుచి, ఇక్కడ కూడా పొరపాట్లు ఎక్కువే. పనీర్ వేడికి కరగదు, ఎందుకంటే నిమ్మరసంతో, అంటే పులుపుతో విరగ్గొట్టినది. ఎంత కాల్చినా ముక్క ముక్కగానే ఉంటుంది, ఒంటరిగా పెడితే ఎండిన రవ్వలా తగులుతుంది. అమూల్ లాంటి ప్రాసెస్డ్ చీజ్‌లో దాన్ని సాఫీగా కరిగించే లవణాలు కలిపి ఉంటాయి, నూనె తేలకుండా చక్కగా కరుగుతుంది, కానీ అదొక్కటే పెడితే మరీ ఉప్పు, మరీ జిగట. రెండూ కలిపితే ఒకదాని లోపం ఇంకోటి సర్దుతుంది, అందుకే పావుకిలోకి రెండు క్యూబులు. మొజరెల్లా పిజ్జాకు సరే, ఇక్కడ వద్దు. వేడిగా ఉన్నప్పుడు తీగలు సాగుతుంది, ఐదు నిమిషాల్లో చల్లారి రబ్బరవుతుంది. మన చుట్టాలు ఐదు నిమిషాల్లో తింటారా? ముందు ఊళ్ళో ముచ్చట్లు, తర్వాత ఫోన్లు, తర్వాత "నువ్వు తిను, నువ్వు తిను" అనుకోవడం, ఆ తర్వాత కదా తినేది. కోవా పెడితే ఉప్పు కారం పోయి స్వీట్ అయిపోతుంది, మంచి స్వీటే అనుకోండి, అన్నం తర్వాత పెట్టుకోండి. ఇంట్లో బర్రె పాలుంటే లీటరు విరగ్గొడితే దాదాపు 200 గ్రాముల పనీర్ వస్తుంది, బయట కొన్నదానికన్నా అదే మెత్తగా ఉంటుంది.

గ్రీసు దేశపు ఫెటా చీజ్ గొర్రె పాలతో చేస్తారు, ఉప్పు నీళ్ళలో ఊరేస్తారు, కరగదు, పండుతో బ్రహ్మాండంగా ఉంటుంది. కానీ ధర చూస్తే అదే డబ్బుకు మటన్ కొనుక్కోవచ్చనిపిస్తుంది. అలాంటి రుచి కావాలంటే పనీర్‌ను చిదిమి, ఉప్పు ఎక్కువ వేసిన నీళ్ళలో అరగంట నానబెట్టి పిండి వాడండి, పూర్తిగా అదే కాదు, దగ్గర్లోకి వస్తుంది. గొర్రెలూ మేకలూ ఇన్ని మేసే పాలమూరులో వాటి పాలతో చీజ్ చేసే అలవాటు మన ఇళ్ళల్లో లేకపోయింది కదా అని నాకు అప్పుడప్పుడు అనిపిస్తుంటుంది.

బెల్లం బదులు తేనె వేద్దామనుకునేవాళ్ళు ఓవెన్‌లోంచి తీశాక వేయండి, ముందు వేస్తే మాడుతుంది, వాసనా పోతుంది. నల్లమలలో చెంచులు తీసే తేనె దొరికితే దాని ముదురు రుచి పైనాపిల్ మీద ఎంతో బాగుంటుంది. ఏడాది నిండని పిల్లలకు మాత్రం తేనె తగిలిందేదీ నాకించకండి, పెద్దవాళ్ళు ముద్దుకు వేలితో రాస్తారు, ముందే చెప్పిపెట్టండి.

ఇక ఓవెన్ లేదనేవాళ్ళ మాట. కొనేముందు ఆలోచించండి, దీని కోసమే అయితే కొనక్కర్లేదు. ఓటీజీ, అంటే కరెంటుతో నడిచే చిన్న ఓవెన్ ఉంటే రంగు, రుచి రెండూ దానిలోనే బాగా వస్తాయి, 25, 30 లీటర్లదాంట్లో ఒకసారికి పన్నెండు, పద్నాలుగు ముక్కలు పడతాయి. 1500 వాట్లది అరగంట నడిస్తే ముప్పావు యూనిట్ కరెంటు, అదేం పెద్ద లెక్క కాదు. కానీ చిన్న ప్లగ్గులో పెట్టకండి, గీజర్‌కు పెట్టే పవర్ ప్లగ్గు కావాలి. కరెంటు పోతే ఇంట్లో ఇన్వర్టర్ దాన్ని మోయదు, అది గుర్తుంచుకుని పొయ్యి మీద వేరే దారి ఒకటి పెట్టుకోండి. ఎయిర్ ఫ్రయర్ నలుగురు వచ్చినప్పుడు బాగుంది: తొందరగా వేడెక్కుతుంది, 170 డిగ్రీల్లో పది పన్నెండు నిమిషాలకే అయిపోతుంది. పదిమందికి అయితే మూడు వాయిలు వేయాలి, మొదటి వాయి చల్లారిపోతుంది, పైగా లోపలి ఫ్యాన్ గాలికి పల్లీలు, కొత్తిమీర ఎగిరి పైన కాయిల్‌కు అంటుకుంటాయి, అందుకని అవి తీశాకే చల్లుకోవాలి. మైక్రోవేవ్ ఉందంటే అందులో కన్వెక్షన్, అంటే వేడి గాలితో కాల్చే పద్ధతి ఉందో లేదో చూడండి. ఉంటే అది ఓటీజీ లాగే. లేకుండా మామూలు మైక్రోవేవ్‌లో పెడితే పండు ఉడికి నీరు కారుతుంది, ఒక్క మచ్చ కూడా ఎర్రబడదు, కష్టమంతా వృథా.

ఏదీ లేకపోతే మందపాటి కడాయి. అడుగున రెండు గుప్పిళ్ళ దొడ్డు ఉప్పు, మీద చిన్న స్టాండు, గట్టి మూత, సన్న మంట మీద పది నిమిషాలు వేడెక్కనిచ్చి పళ్ళెంలో ముక్కలు పెట్టి మూతపెట్టండి. పైనుంచి వేడి రాదు కాబట్టి పైన ఎర్రబడదు, దానికి నేను చేసే పని ఏమిటంటే, కూరకముందే జామ ముక్కల్ని పెనం మీద చెంచాడు వెన్నతో బోర్లించి ఒక నిమిషం కాలుస్తాను, అంచు ఎర్రబడ్డాక తిప్పి కూరి కడాయిలో ఇరవై నిమిషాలు పెడతాను. పైనాపిల్‌కు కడాయి వద్దు, ఆ నీరంతా మూత కింద ఆవిరి అయి మళ్ళీ దాని మీదే పడుతుంది. పైనాపిల్‌ను నేరుగా పెనం మీద కాల్చడమే మేలు.

ఎప్పుడు పెట్టాలన్నదీ కొంచెం చూసుకోవాలి. పన్నెండింటికి వస్తామన్నవాళ్ళు రెండింటికి వస్తారని మనకు తెలుసు. కాబట్టి జామ ముక్కలు కోసి, కాస్త నిమ్మరసం రాసి, కూరేది విడిగా ఫ్రిజ్‌లో పెట్టుకోండి, రెండు గంటలైనా ఏమీ కాదు. వాళ్ళు బస్టాండ్‌లో దిగామని ఫోన్ చేసినప్పుడు ఓవెన్ ఆన్ చేస్తే వాళ్ళు ఆటో దిగి, చెప్పులు విప్పి, పెద్దవాళ్ళను పలకరించి కూర్చునేసరికి ట్రే బయటికి వస్తుంది. తీసిన వెంటనే చేతికి ఇవ్వకండి, బెల్లం నాలుక కాలుస్తుంది, ఐదు నిమిషాలు ఆగి ఇవ్వండి. జామ అయితే అరగంట దాకా బాగుంటుంది, పైనాపిల్ పదిహేను నిమిషాలు దాటితే చెమట పట్టి మెత్తబడుతుంది. పెద్ద గుంపు, ఎవరెప్పుడొస్తారో తెలియని దావత్ అయితే నేను పైనాపిల్ జోలికే పోను.

షుగర్ ఉన్నవాళ్ళకు నాలుగు జామ ముక్కలు బెల్లం లేకుండా, కొంచెం ఎక్కువ మిరియాలతో విడిగా పెట్టండి, వాటి మీద పల్లీ బదులు నువ్వులు చల్లితే ఏవి ఎవరివో గుర్తుంటుంది. మొన్న సంక్రాంతికి అత్తమ్మకు అవే పెట్టాను. బత్తాయి సంగతి గుర్తుందేమో, ముందు వాసన చూసింది, ఆ తర్వాత కొస కొరికింది. ఏమీ అనలేదు. కాసేపటికి వచ్చి, "ఇంకోటి మిగిలిందా?" అని అడిగింది.

అన్నట్టు, గింజలతో తీసిన జామ గుజ్జు అరగ్లాసు నీళ్ళతో మెత్తగా ఉడికించి, జాలీలో రుద్ది గింజలు తీసేయండి. అందులో గుప్పెడు బెల్లం, అర చెంచా కారం, రెండు ఎల్లిపాయ రెబ్బలు నలిపి వేసి చిక్కబడేదాకా కలిపితే మంచి చట్నీ అవుతుంది. చిన్న గిన్నెలో పోసి ట్రే పక్కనే పెట్టండి, మిగిలితే పొద్దున సర్వపిండిలోకి పనికొస్తుంది.